తొమ్మిదో నంబరు

మంత్రివర్గం ఏం నిర్ణయించబోతోందో మంత్రులకంటే ఒకరోజు ముందే ఆమెకు తెలిసిపోయేది. జోస్యం కాదు, టైపింగు. సచివాలయం మూడో అంతస్తులో, లిఫ్టు దిగగానే ఎడమచేతి పక్క, మంత్రివర్గ విభాగం అని బోర్డున్న గదిలో ఇరవై రెండేళ్లుగా ఆమె చేసే పని అదే. రేపు సమావేశమంటే ఇవాళే మినిట్స్ తయారు. అజెండాలో ఎన్ని అంశాలుంటే అన్ని పేరాలు, ప్రతి పేరా చివర ఒకటే వాక్యం: "మంత్రివర్గం ఆమోదించింది." సమావేశం ముగిశాక ప్రధాన కార్యదర్శి తన ప్రతి మీద పెన్సిలుతో ఏవైనా మార్పులు రాసి పంపితే, ఆ మేరకు దిద్ది, మంచి కాగితం మీద తీసి సంతకానికి పంపాలి. ఏడాది పొడుగునా కలిపినా అలాంటి మార్పులు రెండో మూడో. అందుకే విభాగంలో చిన్నా పెద్దా అందరూ ఆమెని ఆమోదం అక్క అనేవాళ్లు. ఆమె కూడా ఆ పేరుకి పలికేది.

మంత్రివర్గమంటే లోపల బల్లలు గుద్దుకుని వాదించుకుంటారని బయట జనం అనుకుంటారు. ఆ వాదనలేవో ఉంటే ఫైలు న్యాయశాఖకీ ఆర్థికశాఖకీ మధ్య నెలల తరబడి తిరిగేటప్పుడే అయిపోతాయి. గదిలోకొచ్చాక ముఖ్యమంత్రి అంశం నంబరు చదువుతాడు, కళ్లద్దాల మీంచి ఒకసారి చుట్టూ చూస్తాడు, రెండు ఊపిరులు పీల్చేంతసేపు ఆగుతాడు, తర్వాతి నంబరు చదువుతాడు. ఎవరూ మాట్లాడకపోతే అయిపోయినట్టే. చేతులెత్తడం లేదు, లెక్కపెట్టడం లేదు. ఎవరు ఏమన్నారో మినిట్స్‌లో రాయరు. తలుపు దాటి బయటికొచ్చాక ఇరవైమందీ ఒకటే నోరు. లోపల కాదన్నవాడు కూడా బయట ఔననాలి, లేకపోతే రాజీనామా ఇచ్చి ఇంటికెళ్లాలి. పుస్తకాల్లో దీన్ని సమష్టి బాధ్యత అంటారు, అది ప్రజాస్వామ్యానికి వెన్నెముక అని కూడా అంటారు. పని జరిగినన్నాళ్లూ అంతే కావచ్చు. తప్పు జరిగిన రోజున మాత్రం పట్టుకుని అడగడానికి ఒక్క చొక్కా కాలరూ దొరకదు.

ఆమె ఈ సంగతి గురించి ఎన్నడూ ఆలోచించలేదు. అవసరం పడలేదు. ఆ ఏడాది వర్షాలకి ముందు జరిగిన సమావేశంలో పద్నాలుగో అంశం వచ్చేదాకా.

పద్నాలుగో అంశం జైలు జాబితా. పదిహేనేళ్లు దాటిన జీవితఖైదీల్లో నడవడిక బాగున్నవాళ్లని ముందుగా వదిలిపెట్టమని మంత్రివర్గం సలహా ఇవ్వాలి, గవర్నరు సంతకం పెట్టాలి. జైలు నుంచి హోంశాఖకి, అక్కణ్నుంచి న్యాయశాఖకి, మళ్లీ హోంకి, అలా పద్నాలుగు నెలలు తిరిగి తిరిగి ఆమె బల్ల మీదకొచ్చింది. నలభై ఒక్క పేర్లు. పదో పేరు ఆమె తమ్ముడిది.

ఆఫీసులో ఆ సంగతి ఒక్క పురుగుకీ తెలీదు. పదహారేళ్లుగా ఎవరైనా అడిగితే, "తమ్ముడా, దూరంగా వడ్రంగం చేసుకుంటున్నాడు" అనేది. అబద్ధం కాదు. జైల్లో వాడు బెంచీలు చేసేవాడు. పంతొమ్మిదేళ్ల వయసులో లారీ షెడ్డులో జరిగిన గొడవలో తోటి మెకానిక్కుని పెద్ద పానాతో కొట్టాడు. కొట్టిందీ నిజమే, వాడు చచ్చిందీ నిజమే. తమ్ముడి తప్పేం లేదని ఆమె ఎవరి దగ్గరా అనలేదు, తన దగ్గర కూడా. నెలకోసారి వెళ్లి చూసొచ్చేది. అంతే.

జాబితా వచ్చిన నెలలో చూడబోయినప్పుడు, ములాఖత్ గదిలో ఇనప వల అవతల నుంచి వాడు అరిచాడు. "సూపరింటెండెంటు చెప్పాడక్కా, నా పేరెళ్లిందంట. నిజమేనా?"

ఆఫీసు సంగతి ఒక్క ముక్క బయట పొక్కనివ్వనని ఆమె ఉద్యోగంలో చేరినప్పుడు సంతకం పెట్టింది. ఆ సంతకాన్ని ఆ ఒక్కసారి దాటింది. "ఈసారి ఖాయంరా" అంది.

ఇంట్లో మొగుడు నవ్వాడు. ఆయనది బస్సు డిపోలో పని, ప్రభుత్వమంటే ఆయనకి బ్రేకుల్లేని బండి. "ఖాయమని నువ్వెలా చెప్పావే? మీ మంత్రులు పొద్దున చెప్పింది మధ్యాహ్నానికి గుర్తుపెట్టుకుంటారా?"

"మంత్రులు గుర్తుపెట్టుకోనక్కర్లేదు. నేను టైపు చేసిపెడతాను, వాళ్లు కాదనరు. ఇరవై రెండేళ్లలో జైలు జాబితా ఒక్కటి కూడా ఆగలేదు."

"అయితే ఇంకేం, ప్రభుత్వం మన వంటింట్లోనే ఉందన్నమాట" అన్నాడాయన. ఆ పూట ఆమె కూడా నవ్వింది. పక్కగదిలో సామాను సర్దారు. మంచం ఒకటి తెప్పించారు.

సమావేశం రోజు పొద్దున తొమ్మిదింటికి జైళ్లశాఖ నుంచి కబురొచ్చింది. జాబితాలో నాలుగో నంబరు ముసలాయన రాత్రి జైలాసుపత్రిలో పోయాడు, పేరు తీసెయ్యండి.

ఇలాంటప్పుడు ఏం చెయ్యాలో విభాగం నిబంధనల్లో ఉంది, ఆ నిబంధన మంచిదే. జాబితాలో కొట్టివేతలుండకూడదు, ఖాళీ నంబరు వదలకూడదు. ఖాళీ వదిలితే రేపెవడో వచ్చి అందులో తనకి కావాల్సినవాణ్ని కూర్చోబెడతాడు. కాబట్టి పేజీ మళ్లీ టైపు చెయ్యాలి, నంబర్లు మళ్లీ వరసగా వెయ్యాలి. ఆమె వేసింది. అయిదు నాలుగయింది, ఆరు అయిదయింది. తొమ్మిది ఎనిమిదయింది. పది తొమ్మిదయింది. తమ్ముడి పేరు టైపు చేసేటప్పుడు వేళ్లు తడబడతాయేమో అనుకుంది కానీ తడబడలేదు. నలభై పేర్లు, ఒక్క తప్పు లేదు.

మంత్రుల ఫోల్డర్లు మూడు రోజుల క్రితమే సీలు వేసి వాళ్ల ఇళ్లకి చేర్చారు. కొత్త పేజీని ప్రధాన కార్యదర్శి ఫోల్డర్లో పెట్టి, ఇరవై నకళ్లు "మార్చిన పేజీ" అనే చీటీ గుచ్చి ఒక్కొక్కరి మంచినీళ్ల గ్లాసు కింద పెట్టించింది. ఎప్పుడూ చేసే పద్ధతే. అలా గ్లాసు కింద పెట్టినవాటిని ఎవరూ చదవరన్నది కూడా ఎప్పుడూ ఉన్న పద్ధతే. దానివల్ల ఏనాడూ ఏ నష్టమూ రాలేదు.

సమావేశం రెండింటికి ముగిసింది. ముందుగా బయటికొచ్చింది టీ బాబాయి. లోపలికి కప్పులు పట్టుకెళ్లే హక్కున్న మనిషి కాబట్టి, సచివాలయంలో అతనికి తెలిసినంత శాసనసభకి తెలీదు. వట్టి ట్రే తెచ్చి ఆమె బల్ల అంచు మీద ఆనించాడు.

"ఇవాళ లోపల కాస్త వేడిగా ఉందిలే ఆమోదమ్మా."

"టీయా, మాటలా?"

"మాటలే. జైలోళ్ల కాగితం దగ్గర ఓడరేవుల మంత్రిగారు లేచారు. అదేనమ్మా, సినిమాహాలోడు లేడూ, బీమా సొమ్ము కోసం సొంత హాలుకే నిప్పెట్టించి ఆరుగురు పనోళ్లని కాల్చేశాడే... ఆడి పేరుందంట అందులో. 'ఆ తొమ్మిదో నంబరోణ్ని వదిలితే మా నియోజకవర్గంలో నేను కాలు పెట్టలేను సార్, ఆరు కొంపలు ఏడుస్తున్నాయి అక్కడ' అన్నారు. సీఎం గారు 'సరే, తొమ్మిది తీసేయండి, మిగతాది కానివ్వండి' అన్నారు. పెద్దాయన పెన్సిలు పెట్టి రాసుకున్నారు."

ఖైదీల పేర్లు ఆ గదిలో పలకరు. నంబర్లే. అదొక మర్యాద. ఎవరు పెట్టారో తెలీదు.

ఆమె అడిగింది. "ఓడరేవుల మంత్రిగారు ఏ కాగితం చూసి చెప్పారు బాబాయ్?"

"ఆయన చేతిలో ఇంటినించి తెచ్చుకున్న ఫోల్డరే. ఎర్రసిరాతో గీసుకొచ్చారు కూడా. గ్లాసు కింద కాయితం మీద నేను టీ కప్పు పెట్టేశా, ఏమనుకోకు."

ఇంటినించి తెచ్చిన కాగితంలో తొమ్మిది సినిమాహాలువాడు. కొత్త పేజీలో వాడు ఎనిమిది.

మరో పావుగంటకి ప్రధాన కార్యదర్శి ప్రతి వచ్చింది. అది కొత్త పేజీ. పద్నాలుగో అంశం పక్కన, సన్నటి గట్టి పెన్సిలుతో: "9 తప్ప ఆమోదం." తొమ్మిదికి ఎదురుగా తన తండ్రి పేరు, తమ్ముడి పేరు, వయసు ముప్ఫై అయిదు.

ఆమె మినిట్స్ తెరిచింది. కీబోర్డు మీద తొమ్మిదికి పక్కనే ఎనిమిది ఉంటుంది. అది నొక్కితే అబద్ధం కూడా కాదు, గదిలో జరిగినదాన్ని జరిగినట్టు రాయడమే అవుతుంది. మినిట్స్ ఎవరూ చదవరు, సంతకాలు పెడతారు. నొక్కలేదు. ధర్మం అడ్డొచ్చిందని రాస్తే వినడానికి బాగుంటుంది కానీ అదేం కాదు. పెన్సిల్లో ఉన్నది తప్ప ఇంకొకటి ఆ వేళ్లు ఇరవై రెండేళ్లలో ఎన్నడూ కొట్టలేదు, అందుకు కొట్టలేదు. పైగా భయం. ఎప్పుడో ఎవరో రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టి చూస్తే, అక్క చేతిమీదుగా తమ్ముడు బయటికొచ్చాడన్నది ఒక్కటే కనిపిస్తుంది.

కాగితాలు రెండూ పట్టుకుని డిప్యూటీ కార్యదర్శి గదిలోకెళ్లింది. ఆయన చెడ్డమనిషి కాదు. శ్రద్ధగా విన్నాడు. రెండు జాబితాల మీదా వేలు పెట్టి పోల్చి చూసుకున్నాడు.

"అవునమ్మా, మీరు చెప్పింది సబబుగానే ఉంది. కానీ మంత్రిగారు సినిమాహాలువాడి గురించే అన్నారని మీకెలా తెలుసు? మీరు గదిలో లేరు కదా."

"టీ బాబాయి విన్నాడు సార్."

"టీ ఇచ్చేవాడికి లోపల చెవులుండకూడదు. వాణ్ని సాక్ష్యం అడిగితే ముందు వాడి ఉద్యోగం పోతుంది." అద్దాలు తీసి తుడుచుకున్నాడు. "అది సరేగానీ, నలభైమందిలో ఒకడి కోసం మీకెందుకమ్మా ఇంత ఆరాటం? ఈ తొమ్మిదో మనిషి మీకేమవుతాడు?"

ఇంటిపేరు ఆయన కళ్లముందే ఉంది. పెళ్లికి ముందు తన ఇంటిపేరేమిటో సర్వీసు రిజిస్టరు తెరిస్తే తెలిసిపోతుంది. ఏదో ఒకటి చెప్పి తప్పించుకోవచ్చు కానీ ఆమెకి ఓపిక లేకపోయింది.

"తమ్ముడు సార్."

డిప్యూటీ గారు అద్దాలు మళ్లీ పెట్టుకుని తొమ్మిదో పేరు చదివాడు. తర్వాత గొంతు తగ్గించాడు. "ఈ మాట ఫైలు మీ బల్ల మీదకొచ్చిన రోజే చెప్పుండాల్సింది. సొంతమనిషి ఉన్న ఫైలు మీరు ముట్టుకోకూడదు. ఈ పొద్దున ఆ పేజీ టైపు చేసింది మీరు. నంబర్లు మార్చింది మీరు. ఇప్పుడొచ్చి నంబరు తప్పంటున్నది మీరు. నేను నమ్ముతాను. నేను నమ్మి ఏం లాభం?"

"పెద్దాయన్ని ఒక్కమాట అడగండి సార్. ఆయన గదిలోనే ఉన్నారుగా."

"విమానం ఎక్కేశారు. గవర్నరు ఆఫీసు ఈ సాయంత్రానికి ఇమ్మంది. ఎల్లుండి అడుగుతాను. ఇక ఈ ఫైలు మీది కాదు, అక్కడ పెట్టి వెళ్లండి."

ఫైలు అవతలి బల్ల మీది కొత్త టైపిస్టుకిచ్చారు. ఆ అమ్మాయి చకచకా కొట్టింది. "అక్కా, 'తొమ్మిదవ నంబరు మినహా' అంటే సరిపోతుందా, 'మినహాయించి' అనాలా?" అని కూడా అడిగింది. ఆమె "మినహా" అంది. అయిదింటికి ముఖ్యమంత్రి సంతకమయి, జాబితా గవర్నరుకి వెళ్లింది.

ఎల్లుండన్నట్టే డిప్యూటీ గారు మాట నిలబెట్టుకున్నాడు, అడిగాడు. ప్రధాన కార్యదర్శి తల ఎత్తకుండానే, "పెన్సిలు పెట్టింది నేను, రాసింది తొమ్మిది" అన్నాడట. అది అక్షరాలా నిజం.

ఆమె ఒకపూట సెలవు పెట్టి ఓడరేవుల మంత్రి ఇంటికెళ్లింది. అర్జీలవాళ్ల వరసలో రెండున్నర గంటలు నిలబడింది. తన వంతు వచ్చాక రెండు జాబితాలూ చూపించింది. ఆయన చూశాడు. అర్థమయిందని ఆయన మొహంలోనే తెలిసింది, ఎందుకంటే ఎనిమిదో పేరు దగ్గర వేలు ఆగిపోయింది.

"ఎప్పుడు వదులుతున్నారు?" అన్నాడు.

"రేపు పొద్దున్న సార్. మీరు ఒక్కమాట చెబితే చాలు, మీరన్నది వీడి గురించి కాదని."

"నేనన్నానని ఎవరు చెప్పారు?" లేచి నిలబడ్డాడు. "చూడమ్మా, మంత్రివర్గంలో ఏం మాట్లాడుకున్నామో బయట చెప్పనని దేవుడి మీద ప్రమాణం చేశాను నేను. నేను ఫలానావాణ్ని వద్దన్నానని ఈ వరండాలో నిలబడి చెప్పలేను. చెప్పానంటే సాయంత్రానికి నా పదవి ఉండదు. వెళ్లు. నీకు పుణ్యముంటుంది, ఆ కాగితాలు ఇంకెవరికీ చూపించకు."

మర్నాడు ముప్ఫై తొమ్మిదిమంది బయటికొచ్చారు. సినిమాహాలువాణ్ని తీసుకెళ్లడానికి నాలుగు కార్లొచ్చాయి, మెడలో దండేశారు. ఆ ఫొటో అన్ని పేపర్లలో పడింది. చచ్చిపోయిన ఆరుగురిలో ఒకడి తల్లి పార్టీ ఆఫీసు మెట్ల మీద కూర్చుని లేవనంది. మూడోరోజుకి మంత్రివర్గం తరఫున ఎవరో ఒకరు జవాబు చెప్పాల్సొచ్చింది. ఆ ఊళ్లు ఆయన నియోజకవర్గంలోవి కాబట్టి ఓడరేవుల మంత్రినే పంపారు. ఆమె, ఆమె మొగుడు ఇంట్లో అన్నాలు తింటూ టీవీలో చూశారు. ఆయన మైకు ముందు నిలబడి, ఖైదీల నడవడిక, వయసు, అన్నీ కూలంకషంగా పరిశీలించి మంత్రివర్గం ఏకగ్రీవంగా తీసుకున్న మానవీయ నిర్ణయమన్నాడు. "మీరు వ్యక్తిగతంగా సమర్థిస్తున్నారా?" అని ఒక విలేకరి అడిగితే, "మంత్రివర్గంలో వ్యక్తులుండరు" అన్నాడు.

మొగుడు చెయ్యి ఆపాడు. "వీడేనా వద్దన్నది?"

"ఆయనే."

ఆయన పళ్లెం పక్కకి నెట్టాడు.

వారం తర్వాత డిప్యూటీ గారు ఆమెని పిలిచి తలుపు దగ్గరికి వేయమన్నాడు. "నేను ఇంకో దారి చూశాను. మీ తమ్ముడి పేరు సర్క్యులేషన్లో పెట్టి, అంటే సమావేశం లేకుండా మంత్రులందరి చేతా సంతకాలు పెట్టించి, చేర్చొచ్చేమోనని. కానీ ఎందుకు చేరుస్తున్నారంటే ఏం రాయాలి? పొరపాటు జరిగిందని రాయాలి. ఏమిటా పొరపాటు అంటే, వీణ్ని ఆపి వాణ్ని వదిలామని రాయాలి. ఇంత గొడవయ్యాక ఆ కాగితం మీద ఎవడు సంతకం పెడతాడు? వాడు బయట ఉన్నన్నాళ్లూ మీవాడు లోపలుంటేనే ప్రభుత్వం చేసింది సరైనదవుతుందమ్మా. నన్ను తిట్టుకోకండి."

"తర్వాతి జాబితాలో సార్?"

ఆయన ఏం చెబుతాడో ఆమెకి తెలుసు. మంత్రివర్గం కాదన్న పేరు మూడేళ్లదాకా మళ్లీ రాకూడదు. ఆ నిబంధన టైపు చేసింది తనే. సంబంధం దాచినందుకు ఆమెకి చార్జిమెమో ఇవ్వకుండా, కింది అంతస్తులో పాత రికార్డుల గదికి బదిలీ చేశారు. అది దయే. అక్కడ కిటికీ లేదు.

నెల తిరిగాక జైలుకెళ్లింది. ములాఖత్ గదిలో ఒకేసారి పన్నెండుమంది అరుస్తుంటారు, వల రెండు వరసలు, మొహం ముక్కలుముక్కలుగా కనిపిస్తుంది. వాడు శుభ్రంగా గడ్డం గీసుకుని ఉన్నాడు.

"ఎవరు వద్దన్నారక్కా?" అని అడిగాడు. "ఆ చచ్చినవాడి వాళ్లెవరైనా వెళ్లి చెప్పుకున్నారా? చెప్పుకుంటే తప్పులేదులే."

"కాదురా. నిన్నెవరూ వద్దనలేదు."

"మరి?"

చెప్పింది. ముసలాయన పోవడం, పేజీ మార్చడం, తొమ్మిదీ ఎనిమిదీ, గ్లాసు కింద కాగితం. కొంత వినపడింది, కొంత పక్కవాళ్ల అరుపుల్లో కొట్టుకుపోయింది. నంబర్లు మార్చింది తనేనన్నమాట మాత్రం రెండుసార్లు చెప్పింది, వినపడేలా.

వాడు వల పట్టుకుని దగ్గరికి వంగాడు. "ఆ నాలుగో నంబరు తాత నా పక్క బ్యారక్కే" అన్నాడు. "దగ్గుతుంటే పొద్దస్తమానం తిట్టేవాళ్లం."

"నన్ను తిట్టరా."

"నిన్ను తిట్టి ఏం చేస్తానక్కా, ఖాయమన్నావు, ఖాయమనే అనుకున్నావుగా." ముక్కు చీదుకున్నాడు. "ఒక్కటే ఇబ్బందిగా ఉంది. పోతున్నాను కదా అని నా దుప్పటీ, గ్లాసూ, చెప్పులూ అన్నీ తలా ఒకటి ఇచ్చేశాను. చిత్రిక పట్టడం కూడా కొత్తగా వచ్చినవాడికి నేర్పించి పని అప్పజెప్పాను. చెప్పులు వాళ్లే తెచ్చిచ్చారు. దుప్పటి తీసుకున్నవాడు ఇంకా ఇవ్వలేదు. చలికాలం వచ్చేలోగా అడగాలి. ఎలా అడగాలో తెలీడం లేదు."

గంట కొట్టారు. వార్డరు వచ్చి వాడి భుజం మీద తట్టాడు.

"వచ్చేసారి నేను తెస్తాలేరా దుప్పటి" అందామె.

"బయటివి లోపలికి రానివ్వరక్కా" అన్నాడు వాడు, వెనక్కి తిరుగుతూ. "నేనే అడుగుతాలే."